తుపాకీ ముట్టుకునే ముందు ఇది చదువు చిన్నా

ఒరేయ్ చిన్నా,

నిన్న రాత్రి పదకొండింటికి మీ అమ్మ ఫోన్ చేసింది. ముందంతా ఏడుపు గొంతు, కాసేపయ్యాక అదే గొంతులో కాస్త గర్వం కూడా వినపడింది నాకు, చెల్లి చిన్నప్పట్నుంచీ అంతే. "వాడికి తుపాకీ ఇస్తారంట అన్నయ్యా, ఫ్రెండ్ వాళ్ళకి టెక్సాస్‌లోనే లానో అనే ఊరి దగ్గర రాంచ్, అదే పెద్ద పొలం, ఉందంట, వచ్చే నెలాఖర్లో పిల్లల వేట సీజన్ అంట, జింకని కొడతాడంట, నువ్వు గట్టిగా చెప్పి ఆపు" అంది. ఆపనని చెప్పా. ఆపే హక్కు నాకు లేదు, ఎందుకు లేదో కింద రాస్తా. వాయిస్ మెసేజ్ పెడదామని మూడుసార్లు మొదలుపెట్టి గొంతు పట్టుకుపోయి ఆపేశా, అందుకే కూర్చుని టైప్ చేస్తున్నా. ఆరో క్లాసు దాకా ఒంగోల్లో చదివావు కాబట్టి తెలుగులోనే రాస్తున్నా, పెద్దగా ఉంటుంది, మధ్యలో వదిలేయకు.

మొట్టమొదటిది వీసా సంగతి. మీ ఫ్రెండ్ వాళ్ళకి ఇది తెలిసే ఛాన్సే లేదు, వాళ్ళకి ఎప్పుడూ అవసరం పడలేదు. నువ్వు హెచ్-4 మీద, అంటే మీ నాన్న ఉద్యోగం వీసాని పట్టుకుని వచ్చిన వీసా మీద ఉన్నావు. ఫెడరల్ చట్టం ప్రకారం హెచ్-1, హెచ్-4, ఎఫ్-1 లాంటి వీసాల మీద ఉన్నవాళ్ళు తుపాకీ గానీ బుల్లెట్లు గానీ దగ్గర పెట్టుకోకూడదు, చేత్తో పట్టుకున్నా అదే లెక్క. దానికున్న కొద్ది మినహాయింపుల్లో మనకి పనికొచ్చేది ఒకటి, ఏదో ఒక స్టేట్ ఇచ్చిన హంటింగ్ లైసెన్స్ చెల్లుబాటులో ఉండి నీ దగ్గర ఉండటం. అది లేకుండా ముట్టుకుంటే ఫెలొనీ, అంటే పెద్ద నేరం, జైలూ, ఆ తర్వాత ఈ దేశంలో ఉండటమే కష్టం, మీ నాన్న గ్రీన్ కార్డ్ క్యూలో ఇన్నేళ్ళు నిలబడింది మొత్తం నీ దగ్గరకొచ్చి ఆగిపోతుంది. అమ్మ చెప్పింది ఈ ఆదివారమే వాళ్ళతో షూటింగ్ రేంజ్‌కి వెళ్తున్నావని. వద్దు. ముందు లైసెన్స్, తర్వాతే రేంజ్. ఆదివారం లోపు తీసుకోలేకపోతే ఆదివారం వెళ్ళకు, వాళ్ళేమైనా అనుకోనీ.

లైసెన్స్ తీసుకోవడం పెద్ద పని కాదు. 17 నిండని వాళ్ళకి టెక్సాస్‌లో యూత్ లైసెన్స్ 7 డాలర్లు, టెక్సాస్ పార్క్స్ అండ్ వైల్డ్‌లైఫ్ వాళ్ళ సైట్‌లో దొరుకుతుంది, వాల్‌మార్ట్‌లో స్పోర్ట్స్ కౌంటర్ దగ్గర కూడా ఇస్తారు. నీకు మార్చిలో 17 వస్తాయి, అయినా ఇప్పుడు కొన్నది ఆగస్ట్ 31 దాకా పనిచేస్తుంది. ఆ ఆగస్ట్ 31 మాత్రం గుర్తుపెట్టుకోరా, ఎవరు ఎప్పుడు కొన్నా ఆ రోజుతో అయిపోతుంది, సెప్టెంబర్ 1 నుంచి కొత్తది, అప్పటికి నువ్వు పెద్దవాళ్ళ లెక్కలో 25 డాలర్లది తీసుకోవాలి. మధ్యలో ఒక్కరోజు గ్యాప్ వచ్చినా ఆ రోజు నువ్వు తుపాకీ పట్టుకోకూడని మనిషివే. నేను హెచ్-1 మీద ఉన్నన్నాళ్ళూ ప్రతి ఆగస్ట్‌లో గోడమీద క్యాలెండర్‌లో ఎర్ర పెన్నుతో చుట్టేవాడిని, మీ అత్త అది ఎవరి పుట్టినరోజో అనుకునేది.

తర్వాత హంటర్ ఎడ్యుకేషన్ కోర్సు. 1971 సెప్టెంబర్ 2న గానీ ఆ తర్వాత గానీ పుట్టినవాళ్ళందరికీ ఈ రూల్ ఉంది. 9 నుంచి 16 ఏళ్ళ పిల్లలు కోర్సు పాసవ్వాలి, లేదా పక్కన పెద్దవాళ్ళు ఉండాలి. 17 దాటాక కోర్సు తప్పనిసరి. నువ్వు 16 కాబట్టి మొత్తం ఆన్‌లైన్‌లో కానివ్వడానికి కుదరదు, ఆన్‌లైన్‌లో చదివినా ఒకరోజు నువ్వే స్వయంగా వెళ్ళి ఫీల్డ్ డే, అంటే బయట చేసి చూపించే పాఠం, చేయాలి, లేదంటే క్లాస్‌రూమ్ కోర్సు. మార్చి తర్వాత ఎలాగూ కావాల్సిందే కదా, ఇప్పుడే చేసెయ్.

పక్కన ఉండే పెద్దమనిషి విషయంలో మొహమాటపడకు. ఆయనకి 17 నిండి ఉండాలి, ఈ ఏడాది టెక్సాస్ లైసెన్స్ ఉండాలి, కోర్సు పాసై ఉండాలి లేదా 1971 సెప్టెంబర్ 2కి ముందు పుట్టినవాడై ఉండాలి, మామూలు గొంతుతో పిలిస్తే నీకు వినపడేంత దగ్గరలో ఉండాలి. "నేను లైసెన్స్ తీసుకుని వాడితో వెళ్తా" అన్నాడట మీ నాన్న. బావ పుట్టింది 1977లో, కోర్సు చేయలేదు. 10 డాలర్లు కట్టి కోర్సు ఒక ఏడాది వాయిదా వేసుకునే పద్ధతి ఉంది గానీ, అలా వేసుకున్నవాళ్ళకే ఇంకొకరు తోడుండాలి, ఇంక నీకేం తోడవుతారు. మీ ఫ్రెండ్ నాన్నని అడుగు, మీరు కోర్సు చేశారా అంకుల్ అని. వేట తెలిసినవాడు ఆ ప్రశ్నకి కోపం తెచ్చుకోడు. తెచ్చుకుంటే ఆ రాంచ్‌కి నువ్వు వెళ్ళకు.

ఇంక చిన్న చిన్నవి. సూర్యోదయానికి అరగంట ముందు నుంచి సూర్యాస్తమయం తర్వాత అరగంట దాకే కాల్చాలి. కొట్టిన వెంటనే లైసెన్స్‌లో ఉన్న ట్యాగ్ మీద నెల, తేదీ కత్తిరించి జింకకి కట్టాలి, వెనకాల ఉన్న లాగ్‌లో రాయాలి, ఫొటోలు ఆ తర్వాతే. కొన్ని కౌంటీల్లో మగజింకకి కొమ్ముల మధ్య లోపలి వెడల్పు కనీసం 13 అంగుళాలు ఉండాలి, లేదంటే ఒక కొమ్మైనా చీలకుండా ఉండాలి, మీరు వెళ్ళే కౌంటీ రూల్ ముందే చూసుకో. చెట్టుకో కంచె గుంజకో ఊదారంగు పెయింట్ గీత కనిపిస్తే అది లోపలికి రావొద్దన్న బోర్డుతో సమానం, గాయపడ్డ జింక అటు పోయినా సరే ఆ భూమి వాళ్ళని అడక్కుండా దాటకు. బుల్లెట్ కూడా పక్కవాళ్ళ భూమిలోకి పోకూడదు, అది కూడా నేరమే. కొట్టినదాన్ని తినకుండా పారేయడం నేరం, అమ్మ వండనంటే నేను వండుతా, కొవ్వుండదు కాబట్టి వేపుడు గట్టిపడుతుంది, అల్లం వెల్లుల్లి వేసి పులుసులో ఉడికిస్తే బావుంటుంది.

ఇప్పుడు అసలు సంగతి. ఇది నేను మీ అత్తకి చెప్పలేదు, మా వాడికి, మీ కార్తీక్ బావకి, చెప్పలేదు.

నేను 1969లో పుట్టా. అంటే కోర్సు నాకు అక్కర్లేదు, చట్టమే వదిలేసింది. పైగా మనూర్లో తుపాకీ చూస్తూ పెరిగినవాడిని అన్న ధీమా ఒకటి. మీ తాతయ్యకి మందు కూరే తుపాకీ ఉండేది, పంట కాపలాకని కలెక్టరాఫీసు చుట్టూ తిరిగి తెచ్చుకున్న లైసెన్స్, ఎలక్షన్లు వస్తే పోలీస్ స్టేషన్లో అప్పగించి మళ్ళీ తెచ్చుకోవాలి. వేరుశనగ చేలో మంచె మీద పడుకునేవాడు, అడవి పందులు దిగితే పైకి ఒకటి పేల్చేవాడు, అవి పరుగు. ఒక్క పందిని కూడా కొట్టగా నేను చూళ్ళేదు. మందుని అంటించే చిన్న టోపీలు, అదే క్యాపులు, మాత్రం మా అమ్మ బియ్యం డబ్బాలో, తుపాకీ మందు అటక మీద, తుపాకీ ఆయన మంచం కింద, మూడూ ఎప్పుడూ ఒకచోట ఉండేవి కావు. ఎందుకు నాన్నా అంటే చెప్పేవాడు కాదు. నాకది చాదస్తం అనిపించేది.

2006 నవంబర్. లానో దగ్గరే, నలుగురం కలిసి వేటకని కొంత భూమి లీజు తీసుకున్నాం. అప్పటికి రెండు సీజన్లలో నాకు ఒక్క జింక పడలేదు, లీజుకి డబ్బులు పోశాను, రైఫిల్‌కి మంచి స్కోప్, అదే గురి చూసే దుర్భిణి, కొన్నాను, అంత ఖర్చయ్యాక మళ్ళీ బైనాక్యులర్స్ ఎందుకులే, స్కోప్‌లో అన్నీ కనపడతాయిగా అనుకున్నా. కార్తీక్‌కి పన్నెండేళ్ళు. వాడిని నా కొలీగ్‌తో ఇంకో బ్లైండ్‌లో, అంటే వేటగాళ్ళు దాక్కుని కూర్చునే మంచెలాంటి గదిలో, కూర్చోబెట్టా, ఇద్దరం ఒకదాంట్లో ఉంటే మాటలతో జింకలు బెదురుతాయని. సూర్యుడు దిగిపోయాడు, ఇంకో పది నిమిషాలు టైముంది. జింకలకి మేత పడే ఫీడర్‌కి ఎడమ పక్కన సీడర్ పొదల్లో కదలిక. గోధుమరంగు. తల వంచుకుని మేస్తున్నట్టు ఉంది. తుపాకీ పేలకుండా ఆపే సేఫ్టీ మీట తీస్తే టిక్కుమన్న చప్పుడుకి పారిపోతుందని దాన్ని అంతకుముందే తీసేసి పెట్టుకున్నా. రైఫిల్ ఎత్తా. అదేంటో చూద్దామని ఎత్తా, కాల్చడానికి కాదు, ఇన్నేళ్ళూ నాకు నేను ఇదే చెప్పుకుంటున్నా. కానీ వేలు ట్రిగ్గర్ మీద ఉందిరా.

స్కోప్‌లో ముందు జిప్పు కనపడింది. జాకెట్ జిప్పు, మెరుస్తూ. చలి ఎక్కువుందని వాళ్ళమ్మ తొడిగిన గోధుమరంగు జాకెట్. స్కోప్‌లో గురి గీతలు రెండూ కలిసే చోట సరిగ్గా ఆ జిప్పు. తర్వాత వాడి మొహం. తలెత్తి నా బ్లైండ్ వైపు చూశాడు, నేను వాడిని చూస్తున్నానని అర్థమై నవ్వాడు, చెయ్యెత్తి ఊపాడు.

నేను రైఫిల్ దించలేకపోయాను. భయంతో చేతులు బిగుసుకుపోయాయి, కదిపితే పేలుతుందేమోనని, కదపకపోతే వాడు ఆ గీతల మధ్యే నడుచుకుంటూ వస్తున్నాడు. ఎంతసేపో తెలీదు. చివరికి వేలు తీసి, మూతి పక్కకి తిప్పి, బోల్ట్ లాగితే తూటా బ్లైండ్‌లో చెక్కల మీద పడి దొర్లింది, చీకట్లో ఎంత తడిమినా దొరకలేదు. వాడు పైకెక్కొచ్చి "ఆకలేస్తోంది నాన్నా, నన్ను చూశావా" అన్నాడు. చూశా నాన్నా అన్నా. ఆ రాత్రి మోటెల్‌లో వాడు నిద్రపోయాక వాడి జాకెట్ పట్టుకుని తెల్లారేదాకా కూర్చున్నా.

ఆ రోజు నేను ఏ రూలూ తప్పలేదు చిన్నా, అదే నన్ను ఇప్పటికీ పీకేది. కోర్సు అక్కర్లేదన్నారు, చేయలేదు. ప్రైవేట్ ల్యాండ్‌లో, దూరం నుంచి మనిషని తెలిసేలా వేసే ఆరెంజ్ వెస్ట్ తప్పనిసరి కాదు, వేయలేదు వాడికి. పబ్లిక్ ల్యాండ్‌లో అయితే వెస్టూ టోపీ వేయకుండా పగలు తిరగనివ్వరు. నా టైము కూడా ఇంకా దాటలేదు. అన్నీ కరెక్టే, పిల్లాడు పోయేవాడు. తర్వాత సమ్మర్లో నేను ఆ కోర్సుకి వెళ్ళా, చుట్టూ అందరూ పన్నెండు పదమూడేళ్ళ పిల్లలు, నాకు ముప్పై ఎనిమిది. మొదటి గంటలో చెప్పారు. ప్రతి తుపాకీలోనూ తూటా ఉందనే అనుకో, మూతి ఎప్పుడూ మనుషులు లేనివైపు ఉండాలి, ఏం కాలుస్తున్నావో దాని వెనకాల ఏముందో రెండూ తెలిస్తేనే కాల్చు, కాల్చే దాకా వేలు బయటే. స్కోప్‌తో వెతకకు, వెతకడానికి బైనాక్యులర్స్. అంతే. మీ తాతయ్య ఆ మూడింటినీ మూడు చోట్ల ఎందుకు దాచేవాడో ఆ కుర్చీలో కూర్చున్నప్పుడు అర్థమైంది, అప్పటికి ఆయన పోయి నాలుగేళ్ళు.

అందుకే నీకు ప్యాకెట్ పంపిస్తున్నా, శుక్రవారానికి వస్తుంది. బైనాక్యులర్స్, రెండు ఆరెంజ్ వెస్టులు, రెండు టోపీలు. రెండోది మీ ఫ్రెండ్‌కి, వాడు తీసుకోనంటే నువ్వు బ్లైండ్ ఎక్కకు. బ్లైండ్‌లోంచి దిగేటప్పుడు తూటాలు తీసి దిగు. చెప్పకుండా ఒక బ్లైండ్ నుంచి ఇంకో దానికి నడవకు, ఆకలేసినా, బాత్రూమ్ వచ్చినా, పిలిచి చెప్పి వాళ్ళు సరేనన్నాకే కదులు.

ఇంకోటి, డిసెంబర్లో ఇండియా వెళ్తున్నారుగా, వేటకి వాడిన బ్యాగ్ దేన్నీ తీసుకెళ్ళకు. అడుగున మర్చిపోయిన ఒక్క తూటా ఎయిర్‌పోర్ట్ స్కానింగ్‌లో దొరికితే ఆర్మ్స్ యాక్ట్ కింద కేసు పెడతారు, ఫ్లైట్ పోతుంది, స్టేషన్లో కూర్చోవాలి. ఊళ్ళో ఎవరైనా నీ ఫొటో చూసి రా అల్లుడూ కుందేళ్ళకి పోదాం అంటే పోకు, 1972 వన్యప్రాణి చట్టం కింద అక్కడ కుందేలుని కొట్టినా నేరమే.

భయపెట్టేశానా? నువ్వు పొద్దున్నే చలిలో ఓక్ చెట్ల మధ్య మంచు పట్టిన గడ్డి మీద వెలుగు పడేది చూడాలని నాకు చాలా ఉంది రా. జింక నీ ముందుకొచ్చి నిలబడితే గుండె చెవుల్లో కొట్టుకుంటుంది, అప్పుడు కాల్చాలనిపించకపోతే కాల్చకు, ఎవరికీ కారణం చెప్పక్కర్లేదు. కొడితే మాత్రం దాని దగ్గరికి నువ్వే ముందు వెళ్ళు.

2012 తర్వాత నేను లైసెన్స్ తీసుకోలేదు. నిన్న చెల్లి ఫోన్ పెట్టేశాక కూర్చుని 25 డాలర్లు కట్టి తీసుకున్నా. మీ ఫ్రెండ్ నాన్నని అడుగు, ఆయనకి అభ్యంతరం లేకపోతే ఆ రెండు రోజులూ నీ బ్లైండ్‌లో నీ పక్కన నేను కూర్చుంటా. నాకు రైఫిల్ వద్దు. నాకూ ఒక బైనాక్యులర్స్ ఉంది. పై సంగతి ఈ ఆదివారం కార్తీక్‌కి నేనే చెప్తా, అప్పటిదాకా నీలోనే ఉంచుకో. అమ్మకి లైసెన్స్ సంగతులు మాత్రం చదివి వినిపించు.

నీ మావయ్య