ఇసుక దిబ్బల పక్కన చదివిన నవల

తెలుగు మీడియంలో చదువుకుని ఇప్పుడు అనంతపురంలో ఇంజినీరింగ్ చేస్తున్నానని, సైన్స్ ఫిక్షన్, ఫాంటసీ అంటే ఇంతవరకు సినిమాలే తెలుసునని, ఈ కోవలోని పాత నవలల్లో నిజంగా చదవదగ్గవి ఏవో, దేనితో మొదలుపెట్టాలో చెప్పమని మీరు అడిగారు. మీరున్నది అనంతపురంలో గనుక నాకు తడుముకోవలసిన పని లేదు. ఫ్రాంక్ హెర్బర్ట్ రాయగా 1965లో పుస్తకంగా వచ్చిన ‘డ్యూన్’ (అంటే ఇసుక దిబ్బ) చదవండి. ఎందుకో వివరంగా చెబుతాను.

మాది రాయదుర్గం వైపు. బొమ్మనహాళ్ మండలంలోని దర్గా హొన్నూరు దగ్గర, మేము హగరి అని పిలుచుకునే వేదవతి నది పక్కన, ఇసుక దిబ్బలున్నాయి. ఆషాఢ మాసపు గాలి మొదలైతే ఆ ఇసుక లేచి చేల మీదికి వస్తుంది. నిన్న దున్నిన చాలు ఈరోజు కనబడదు. ఇరవై రెండేళ్ల వయసులో నేను ఆ వైపున్న మా చిన్నాన్న వాళ్ల చేను గట్టున, వేపచెట్టు నీడలో కూర్చుని ఈ నవల చదివాను. చదివినన్ని రోజులూ పుటల మధ్య, అట్ట అతికిన చోట, సన్నని ఇసుక చేరుతూనే ఉండేది. ఎన్ని ఇళ్లు మారినా ఆ ప్రతిని వదులుకోలేదు. ఇప్పటికీ విప్పి దులిపితే రెండు మూడు రేణువులు రాలతాయి.

ఈ నవల పుట్టింది కూడా ఇటువంటి చోటనే అని తరువాత తెలిసి నాకు ఒళ్లు పులకరించింది. అమెరికాలోని ఓరెగన్ రాష్ట్రంలో, ఫ్లోరెన్స్ అనే ఊరి దగ్గర, కదిలే ఇసుక దిబ్బలను గడ్డి నాటి ఆపే పనిని చూసి పత్రికకు వ్యాసం రాయాలని హెర్బర్ట్ 1957లో అక్కడికి వెళ్లాడు. ఆ వ్యాసం అచ్చు కాలేదు గాని, దాని కోసం మొదలైన చదువే కొన్నేళ్లకు అరాకిస్ అనే ఎడారి గ్రహమైంది. పుస్తకాన్ని ఆయన అంకితం చేసింది మెట్ట నేలల పర్యావరణాన్ని అధ్యయనం చేసేవారికి. ఆ అంకితం పుటను దాటి వెళ్లకండి.

అందులో ఒక ఘట్టం చెబుతాను. అరాకిస్ పాలనకు కొత్తగా వచ్చిన డ్యూక్ లీటోను చూడటానికి, ఎడారిలో బతికే ఫ్రెమెన్ జాతి నాయకుడు స్టిల్గార్ వస్తాడు. మాటల మధ్యలో అతడు ముందుకు వంగి బల్ల మీద ఉమ్మి వేస్తాడు. డ్యూక్ మనుషులు అవమానమని మండిపడి లేవబోతుంటే, ఆ జాతి పద్ధతులు ఎరిగిన డంకన్ ఐడహో వారిని ఆపి, మీ ఒంటి తేమను కానుకగా ఇచ్చినందుకు కృతజ్ఞతలని చెప్పి, తానూ అదే బల్ల మీద ఉమ్ముతాడు. నీరు అంత అరుదైన చోట, ఒంట్లోని తడిని ఇవ్వడాన్ని మించిన మర్యాద లేదు. చనిపోయిన మనిషి కోసం ఒకడు కంటతడి పెడితే అక్కడివారు నివ్వెరపోయి, ‘మృతుడికి నీళ్లు ఇస్తున్నాడు’ అని గుసగుసలాడుకుంటారు.

ఈ ఘట్టాలు చదువుతున్నప్పుడు నాకు మా జేజి కళ్ల ముందు నిలిచింది. ట్యాంకరు వచ్చే రోజుల్లో ఆమె బియ్యం కడిగిన నీళ్లు కుడితిలో పోసేది, గిన్నెలు తొలిచిన నీళ్లు కరివేపాకు మొక్కకు పోసేది, అయినా గడప తొక్కిన ప్రతి మనిషికీ ముందు చెంబెడు నీళ్లు నిండుగా ఇచ్చేది. కరువు మనిషి మర్యాదలను ఎలా మలుస్తుందో నేను చిన్నప్పటి నుంచీ చూస్తూనే ఉన్నాను గాని, దాన్ని ఒక సంగతిగా గమనించడం నాకు నేర్పింది ఈ నవలే. గ్రహాంతర యుద్ధాల కోసం చదివేవారికి ఇందులో యుద్ధాలూ ఉన్నాయి; నా మటుకు నాకు అవి రెండో స్థానంలోనివి.

ఈ నవలకు కేంద్రమైన, డ్యూక్ లీటో కొడుకు పాల్‌ను మీరు మామూలు సినిమా హీరోగా తీసుకోకూడదు. జనం ఒక్క మనిషిని దేవుణ్ణి చేసి అతని వెనుక నడిస్తే ఏమవుతుందో హెచ్చరించడానికే హెర్బర్ట్ ఇది రాశాడు. 1969లో వచ్చిన రెండో భాగం ‘డ్యూన్ మెస్సయ్య’ ఆ మాటను మరింత స్పష్టంగా చెబుతుంది. మొదటి వంద పుటల్లో తెలియని పేర్లు, పదాలు మీద పడతాయి, కాని చివర పదకోశం ఉంది గనుక భయపడకండి.

రెండవదిగా నేను చెప్పేది మన నేల మీది పుస్తకమే. పింగళి సూరన 16వ శతాబ్దంలో రాసి, నంద్యాల కృష్ణరాజుకు అంకితమిచ్చిన ‘కళాపూర్ణోదయం’ ఎనిమిది ఆశ్వాసాల కావ్యమే అయినా, కల్పనలో నవలే. ఇంకా జరగని కథను బ్రహ్మ సరస్వతికి చెబుతాడు. తరువాత అది భూమి మీద జరిగి తీరుతుంది. ఒకరి రూపం మరొకరు దాల్చడం వల్ల ఇద్దరు రంభలు ఎదురుపడి, నేనే అసలు రంభనని వాదులాడుకునే చోట నవ్వాలో కలవరపడాలో తెలియదు. కథ ముందువెనుకలుగా నడుస్తుంది. ఆరంభంలో అంతుపట్టని సంగతికి కారణం చాలా దూరం వెళ్లాక గాని దొరకదు. నంద్యాలలో ఉద్యోగం చేసిన మూడేళ్లలో ఒక తెలుగు పండితుని దగ్గర కూర్చుని దీన్ని చదువుకోగలగడం నా అదృష్టం. పద్యం కష్టమనిపిస్తే, వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్ కలిసి చేసిన ఇంగ్లీషు అనువాదం 2002లో వచ్చింది.

ఆ తరువాత ఉర్సులా లెగ్విన్ 1968లో రాసిన ‘ఎ విజర్డ్ ఆఫ్ ఎర్త్‌సీ’. ఆ లోకంలో మనిషి అసలు పేరు తెలిసినవాడికి అతని మీద అధికారం వస్తుంది. అందుకే ఆ పేరును ప్రాణంగా నమ్మినవారికి తప్ప చెప్పరు. భర్త పేరు నోటితో పలకని ఇళ్లలో పెరిగిన మనకు పేరులోని బరువు ఒకరు విప్పి చెప్పనక్కరలేదు. జూల్ వెర్న్‌నూ చదవండి. ‘ట్వంటీ థౌజండ్ లీగ్స్ అండర్ ద సీ’లో ఆయన సృష్టించిన జలాంతర్గామి నాయకుడు కెప్టెన్ నెమో అసలు ఎవరో తరువాతి నవల ‘ది మిస్టీరియస్ ఐలండ్’లో గాని తెలియదు: అతడు బుందేల్‌ఖండ్ రాకుమారుడు డక్కర్, టిప్పు సుల్తాన్‌కు బంధువు, 1857లో ఇంగ్లీషువారితో పోరాడినవాడు. టిప్పు ఏలుబడి చూసిన గుత్తి కోట మీకు దగ్గరలోనే ఉంది గనుక ఈ మాట ప్రత్యేకంగా చెబుతున్నాను. టోల్కీన్‌ను మాత్రం ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ అనే పెద్ద మూడు సంపుటాలతో కాక, 1937 నాటి ‘ది హాబిట్’తో మొదలుపెట్టండి.

ఇంగ్లీషు చదవడం నెమ్మదిగా సాగుతుందన్న జంకు ఉంటే, ‘డ్యూన్’ కంటే ముందు హెచ్.జి. వెల్స్ 1895లో రాసిన ‘ది టైమ్ మెషీన్’ పట్టండి. చిన్న పుస్తకం, హక్కుల గడువు తీరిపోయింది గనుక ప్రాజెక్ట్ గుటెన్‌బర్గ్ అనే వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది. 802701వ సంవత్సరానికి వెళ్లిన మనిషి అక్కడ చూసింది రెండు సాయంత్రాల్లో పూర్తవుతుంది, మూడో సాయంత్రానికి మీరు అరాకిస్‌కు బయలుదేరవచ్చు.