మంచం కింద మనిషి

మైలాపూర్, చెన్నై

నాయనా,

నీ స్కిట్ రెండుసార్లు చదివాను. రికవరీ ఏజెంటు రాగానే ఇంటాయన మంచం కింద దూరడం, ఆవిడ ‘ఊళ్లో లేరండీ’ అంటుంటే కింద నుంచి తుమ్ము వినపడడం... నవ్వాను. అబద్ధమెందుకు, కాసేపటికి చిరాకేసింది. ముప్పై ఏళ్ల కిందట నేనూ అచ్చం ఇలాంటిదే రాశాను. టి.నగర్‌లో ఉగాదికి వేశారు. హాలంతా నవ్వుతుంటే ముందు వరసలో ఉన్న మా వీధి టైలరు లేచి వెళ్లిపోయాడు. ఆయన అప్పుల సంగతి నాకు తెలుసు. తెలిసే రాశాను.

అమెరికా టీవీ కమెడియన్ జాన్ ఆలివర్ షో ‘లాస్ట్ వీక్ టునైట్’లో 2016 జూన్ 5 ఎపిసోడ్ చూడు. అమెరికాలో వసూలు కాని బాకీలను కారుచౌకగా అమ్మేసుకుంటారు. కొన్నవాడు మాత్రం మొత్తం కట్టమని జనం వెంటపడతాడు. ఇంతవరకే చెబితే ఉపన్యాసం. ఆ షో వాళ్లు 50 డాలర్లు కట్టి మిసిసిపీలో సొంతంగా ఒక వసూళ్ల కంపెనీయే పెట్టేశారు! దానికి బేరం కూడా వచ్చింది: టెక్సస్‌లో దాదాపు 9,000 మంది ఆస్పత్రి బాకీలు, సుమారు 1.49 కోట్ల డాలర్లు. ధర 60,000 లోపే, అంటే డాలరుకి అర సెంటు కూడా పడలేదు. బాకీదారుల పేర్లు, చిరునామాలతో సహా అప్పగించేశారు.

చివర్లో ఆయన పెద్ద ఎర్ర బటన్ నొక్కి ఆ బాకీలన్నీ మాఫీ అన్నాడు. అందరూ దాని గురించే చెప్పుకుంటారు. నాకైతే ఆ 50 డాలర్లే గొప్ప. అది ఎవరూ అల్లిన జోకు కాదు, అక్కడి పద్ధతే అంత.

నీ స్కిట్‌లో ఏజెంటు చేతిలో ఒక కాగితం ఉంది. అందులో ఏముందో నువ్వు రాయలేదు. అసలెంత, వడ్డీ ఎంత, అతనికి దక్కే కమీషన్ ఎంత? నెల టార్గెట్ అందక అతనికీ టెన్షన్ ఉండి ఉంటుంది. మా సందు చివర టీకొట్టుకి సాయంత్రాలు అలాంటి కుర్రాళ్లు వస్తుంటారు. ఈ ఆదివారం రా, కూర్చుందాం. తమిళం నేను చూసుకుంటాను.

తుమ్ము మాత్రం తీసేయకు. అది బాగుంది.