రజాకార్లమా, రజాకార్లమటా?

సందేహం: 2024 జులైలో బంగ్లాదేశ్ విద్యార్థుల ఆందోళన గురించి చదువుతుండగా ‘మేము రజాకార్లం అంటూ విద్యార్థులు నినదించారు’ అన్న వాక్యం దగ్గర ఆగిపోయాను. మాది జనగామ ప్రాంతం. రజాకార్లంటే మా ఇంట్లో ఇప్పటికీ భయంతో తలచుకునే మాట. ఖాసిం రజ్వీ పేరు మీదుగానే ఆ పేరు వచ్చిందని మా తాతగారు చెప్పేవారు. మరి ఆ మాట ఢాకాకు ఎలా చేరింది? చదువుకునే పిల్లలు తమను తాము అలా చెప్పుకోవడమేమిటి? ఆ తెలుగు వాక్యం సరైనదేనా? – ఒక పాఠకురాలు, హనుమకొండ

సమాధానం: మీరు ఆ వాక్యం దగ్గర ఆగడం మంచిదయింది. అందులో తప్పు ఉంది. అయితే దాని దగ్గరకు వెళ్లేముందు మాట పుట్టుక చూడాలి.

‘రజా’ అరబ్బీ మాట. సమ్మతి, ఇష్టం అని దానికి అర్థం. ‘కార్’ ఫారసీ. చేసేవాడు అని చెప్పే ఈ ‘కార్’, మన చిత్రకారుడిలోని సంస్కృత ‘కార’ ఒకే పాత ధాతువు నుంచి విడిపోయిన తోబుట్టువులు. కనుక రజాకార్ అంటే ఎవరి బలవంతమూ లేకుండా, తన ఇష్టంతో పనికి పూనుకున్నవాడు. ఉర్దూలో ఈనాటికీ వరదల్లో సాయం చేసే స్వచ్ఛంద సేవకుణ్ని ఏ సంకోచమూ లేకుండా రజాకార్ అనే అంటారు. మీ తాతగారు చెప్పిన వ్యుత్పత్తి సరికాదు గానీ, ఆయన పొరబడటంలో ఆశ్చర్యమేమీ లేదు. రజ్వీ అన్న ఇంటిపేరు కూడా ఆ అరబ్బీ ధాతువు నుంచి వచ్చినదే. మనం రోజూ వాడే రాజీ, రాజీనామా, తెలంగాణలో అలిగినవాళ్ల గురించి చెప్పే నారాజు కూడా ఆ కుదురులోనివే.

ఇంత మెత్తని మాట తెలుగునేల మీద భయంగా మారడానికి ఎంతోకాలం పట్టలేదు. మజ్లిస్ ఇత్తెహాదుల్ ముస్లిమీన్ అనుబంధ దళంగా, ఖాసిం రజ్వీ నాయకత్వంలో, నిజాం రాజ్యాన్ని నిలబెట్టే పేరుతో రజాకార్లు ఊళ్లమీద పడ్డారు. 1948 ఆగస్టులో బైరాన్‌పల్లిలో సామూహిక హత్యాకాండ జరిగింది. అదే నెలలో హైదరాబాదులో వాళ్లను విమర్శించిన యువ సంపాదకుడు షోయబుల్లాఖాన్‌ను హత్య చేశారు. సెప్టెంబరు 17న నిజాం లొంగిపోయాక ఆ దళం పోయింది, మాట మిగిలింది. వయసెంతని అడిగితే సంవత్సరం చెప్పలేని మా పక్కింటి అవ్వ ‘రజాకార్లొచ్చినప్పుడు నాకు పాలపండ్లు ఊడుతున్నయి’ అనేది. ఆ అవ్వకు ఆ మాట ఒక కాలమానం. దాని నిఘంటువు అర్థం చెబితే ఆమె నమ్మి ఉండేది కాదు.

ఢాకాకు ఈ మాట ఇక్కడి నుంచి వెళ్లలేదు. 1971లో తూర్పు పాకిస్తాన్ (నేటి బంగ్లాదేశ్) గవర్నరుగా ఉన్న జనరల్ టిక్కాఖాన్, సైన్యానికి తోడుగా స్థానికులతో ఒక దళాన్ని ఆర్డినెన్సు ద్వారా ఏర్పరచి, దానికి ఉర్దూలో వాడుకలో ఉన్న ఈ పేరే పెట్టాడు. ఆ దళం తన సొంత జనం మీదనే చేసిన దారుణాల వల్ల, అదే ఏడాది డిసెంబరులో బంగ్లాదేశ్ విముక్తమయ్యేనాటికి, బెంగాలీలో ‘రాజాకార్’ అంటే దేశద్రోహి అని స్థిరపడిపోయింది. రెండు చోట్లా ప్రభుత్వానికి అండగా ఆయుధం పట్టినవాళ్లకే ‘ఇష్టపూర్వకంగా వచ్చినవాడు’ అన్న పేరు దక్కింది. ఒకే మాట రెండు నేలల మీద విడివిడిగా ఒకే గాయాన్ని మిగిల్చింది. అందుకే మీరు ఉలిక్కిపడ్డారు.

ఇక 2024. బంగ్లాదేశ్ ప్రభుత్వోద్యోగాల్లో 30 శాతం విముక్తి యోధుల సంతతికి, మనవల తరం దాకా, కేటాయించే పద్ధతి 2018లో విద్యార్థుల ఆందోళనతో రద్దయింది. 2024 జూన్‌లో హైకోర్టు దాన్ని పునరుద్ధరించగానే యువత మళ్లీ వీధుల్లోకి వచ్చింది. జులై 14న అప్పటి ప్రధానమంత్రి షేక్ హసీనా విలేకరులతో మాట్లాడుతూ, విముక్తి యోధుల మనవలకు కాకపోతే రజాకార్ల మనవలకు ఇవ్వాలా అన్న అర్థం వచ్చేలా ప్రశ్నించారు. ఆ రాత్రే ఢాకా విశ్వవిద్యాలయం విద్యార్థులు హాస్టళ్ల నుంచి బయటికి వచ్చి ‘తుమి కే? ఆమి కే? రాజాకార్, రాజాకార్!’ అని నినదించారు. నువ్వెవరు, నేనెవరు అని మొదలయ్యే ఆ ప్రశ్న వాళ్లు కొత్తగా కట్టినది కాదు. అది విముక్తి పోరాట కాలం నాటిది. అప్పుడు జవాబు ‘బంగాలీ, బంగాలీ’. తాతల నినాదంలో జవాబును మాత్రం తీసేసి, ఆ ఖాళీలో పాలకులు తమకు అంటించిన పేరును పెట్టి చూపించారు. వెంటనే రెండో పాదం: ‘కే బొలేఛే? స్వైరాచార్!’ ఎవరన్నారు? నిరంకుశ పాలన అన్నది.

మీరు చదివిన వాక్యంలో ఈ రెండో పాదం లేదు. అసలు చిక్కు వ్యాకరణంలోనే ఉంది. బెంగాలీ నినాదంలో క్రియ లేదు, నామవాచకానికి పురుషను తెలిపే ప్రత్యయమూ లేదు. ‘రాజాకార్’ అన్న మాట ఎవరికీ అంటుకోకుండా గాలిలో నిలుస్తుంది. తెలుగులో అలా కుదరదు. నేను కూలివాణ్ని, నువ్వు కూలివాడివి, మేము కూలివాళ్లం అని నామవాచకాన్ని మనిషికి ముడివేస్తాం. అందువల్ల ‘రజాకార్లం’ అనగానే నినాదం కాస్తా ఒప్పుకోలుగా మారిపోతుంది. అధికారపక్ష నాయకులు చేసిందీ ఇదే. వీళ్లు తమను తాము రజాకార్లని చాటుకుంటున్నారని మండిపడ్డారు. జులై 15న ఆ పార్టీ విద్యార్థి విభాగమైన ఛాత్ర లీగ్ కార్యకర్తలు విశ్వవిద్యాలయంలోనే ఆందోళనకారుల మీద దాడిచేశారు. 16న రంగపూర్‌లో అబూ సయీద్ అనే విద్యార్థి చేతులు చాచి నిలబడి పోలీసు కాల్పుల్లో ప్రాణం విడిచాడు. అలాంటి చోట పురుష ప్రత్యయం చిన్న విషయమని నేను అనుకోలేను.

దీనికి తెలుగులోనే మందు ఉంది, అది ‘అట’. ‘మనం రజాకార్లమట!’ అంటే, ఆ మాట ఇంకొకరిదని, దాన్ని మనం ఒప్పుకోలేదని, అన్నవాళ్లను నిలదీస్తున్నామని ఒక్క చిన్న మాట చేరడంతోనే తెలిసిపోతుంది. బెంగాలీ నినాదానికి రెండో పాదం చేసే పనిలో చాలాభాగం మన ‘అట’ ఒంటరిగా చేయగలదు.

ఆ రోజుల్లోనే మరో నినాదం వినిపించింది: ‘చాయితే గేలామ్ అధికార్, హొయే గేలామ్ రాజాకార్.’ దీన్ని ‘అధికారం అడగబోయి రజాకార్లమయ్యాం’ అని తెలిగిస్తే పూర్తిగా తలకిందులవుతుంది. బెంగాలీలో ‘అధికార్’ అంటే హక్కు. సంస్కృతంలో ఆ మాటకు అర్హత, హక్కు, ప్రభుత్వం అన్న అర్థాలన్నీ ఉన్నాయి. ‘ఈ శాస్త్రం చదవడానికి అధికారి ఎవరు’ అన్న మన పండితుల ప్రశ్నలో అర్హత అన్న అర్థం ఇప్పటికీ బతికే ఉంది. వాడుక తెలుగులో మాత్రం పాలించే శక్తి ఒక్కటే మిగిలి, అధికారి అంటే కార్యాలయంలో కుర్చీలో కూర్చున్నవాడే అయ్యాడు. ఆ పిల్లలు కుర్చీ అడిగారని మన పాఠకుడు అనుకుంటే వాళ్లకు అన్యాయం జరిగినట్టే. ‘హక్కులడగబోతే రజాకార్లమైపోయాం’ అనాలి.

కొందరు ఈ మాటను ‘ద్రోహులు’ అని అనువదించారు. అదీ నాకు సమ్మతం కాదు. ఎవరికైనా తగిలించగల సాధారణమైన తిట్టు అది. విముక్తి తర్వాత దశాబ్దాలకు పుట్టిన పిల్లలను 1971 నాటి కొలతతో కొలవడమన్నది అందులో కనిపించదు. రజాకార్ అనే రాసి, మొదటిసారి వచ్చినచోట ‘1971లో పాకిస్తాన్ సైన్యానికి తోడ్పడిన దళం సభ్యుడు’ అని వివరిస్తే చాలు. ఇక మీరు అడిగిన వాక్యాన్ని నేనైతే ఇలా రాస్తాను: ‘నువ్వెవరు, నేనెవరు? రజాకార్లమట! ఎవరన్నారు? నిరంకుశులన్నారు! – అని విద్యార్థులు నినదించారు.’