అయ్యగారిని అడగండి: మైకు పట్టుకోలేనివాడు పరిచర్య చేయగలడా?

ప్రశ్న: అయ్యగారికి వందనాలు. నాకు 29 ఏళ్ళు. హైదరాబాద్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. రెండేళ్ళుగా పరిచర్య చేయాలన్న కోరిక బలంగా ఉంది. ఉద్యోగం మానేసి ఫుల్‌టైమ్ దేవుని సేవకి వస్తేనే అది సమర్పణ అంటారు మా సంఘంలో ఒక పెద్దాయన. నాకేమో హోమ్ లోన్ ఉంది, అమ్మ మందుల ఖర్చు ఉంది. పైగా మైకు ముందు నిలబడితే చెమటలు పట్టి నోట మాట రాదు. ఆదివారం కుర్చీలు వేస్తాను, సౌండ్ చూస్తాను. దీన్ని పరిచర్య అనుకోవచ్చా?
- ఒక సోదరుడు, మియాపూర్

జవాబు: ముందు లోన్ కట్టు బాబూ. రాజీనామా టైప్ చేసి పెట్టుకుని ఉంటే డిలీట్ చేసెయ్. 38 ఏళ్ళు సంఘ కాపరిగా బతికినవాణ్ణి, పిలుపును తక్కువ చేస్తానా? కానీ పిలుపు వచ్చినా, ఆఫీసు టెన్షన్ ఎక్కువైనా కడుపులో ఒకేలా తిప్పుతుంది. ఏది ఏదో తేలడానికి కాస్త టైమ్ పడుతుంది. బైబిల్లో అపొస్తలుడు పౌలు కొరింథులో డేరాలు కుట్టుకుంటూనే సువార్త చెప్పాడు. ఆయనకి సమర్పణ లేదని ఎవరన్నారు?

అపొస్తలుల కార్యములు 6వ అధ్యాయం తియ్యి. యెరూషలేములో రోజూ భోజనం పంచేటప్పుడు గ్రీకు మాట్లాడే విధవరాళ్ళను పట్టించుకోవడం లేదని సణుగుడు మొదలైంది. ఆ అన్నం పంపకాన్ని మన తెలుగు బైబిలు 'అనుదిన పరిచర్య' అంది. నాలుగో వచనానికి వచ్చేసరికి అపొస్తలుల బోధ 'వాక్య పరిచర్య' అయింది. అన్నానికీ ప్రసంగానికీ ఒకటే మాట. గ్రీకులోనూ అంతే, రెండు చోట్లా డియకోనియానే. వడ్డించేవాడు చేసే పని అది.

వడ్డన కోసం ఎన్నుకున్న ఆ ఏడుగురు ఆత్మతో, జ్ఞానంతో నిండినవాళ్ళై ఉండాలన్నారు. గరిటె పట్టడానికి ఇంత అర్హత ఎందుకని నాకూ ఒకప్పుడు అనిపించేది. భాష రాని ముసలమ్మ వరసలో వెనక్కి వెనక్కి జరిగిపోతుంటే గమనించి ఆపాలంటే, అంత ఉండాల్సిందేనని తర్వాత తెలిసింది.

మా ఒంగోలు సంగతే చూడు. 1876-78 కరువులో మిషనరీ క్లౌ దొర బకింగ్‌హామ్ కాలువలో కొంత తవ్వకం కాంట్రాక్టుకు తీసుకుని, తిండి లేని జనానికి కూలి ఇప్పించాడు. ఆయన దగ్గర పనిచేసే బోధకులే అక్కడ పని చేయించే మేస్త్రీలు. కరువు సాయం నడిచినంత కాలం ఎవరికీ బాప్తిస్మం ఇవ్వలేదు, కూటి కోసం కలిశారన్న మాట రాకూడదని. సాయం ఆగాక 1878 జులై 3న గుండ్లకమ్మలో ఒక్కరోజే 2,222 మందికి ఇచ్చారు. మన సభల్లో ఆ అంకె చెబితే చప్పట్లు మోగుతాయి. కాలువ గట్టు మీద ఆ మేస్త్రీలు పడ్డ పాటు ఎవరూ చెప్పరు.

ఇంక నా తప్పు ఒకటి చెప్తాను. 1987లో అద్దంకి వైపు ఒక పల్లెలో ఉండేవాణ్ణి. మూడు రోజుల ఉజ్జీవ సభలు పెట్టాం. వాల్‌పోస్టర్ మీద నా ఫోటో పడటం అదే మొదటిసారి. షామియానా వాళ్ళతో బేరమాడుతుంటే పక్క ఊరి నుంచి ఒక ముసలామె వచ్చింది. భర్తకు పక్షవాతం, ఇంటికి వచ్చి బల్ల (ప్రభువు పేరిట ఇచ్చే రొట్టె, ద్రాక్షరసం) ఇవ్వమని అడిగింది. "సభలవగానే వస్తానమ్మా" అన్నాను. రెండో రోజు రాత్రి, నేను స్టేజీ మీద ఉండగానే ఆయన ప్రాణం పోయింది.

పొద్దున్నే పరుగెత్తాను. మా బైబిలు స్త్రీ (ఇళ్ళకు తిరిగి వాక్యం చెప్పే సంఘ సేవకురాలు) అప్పటికే అక్కడుంది. నెల పైనుంచి రోజూ నడిచి వెళ్ళి, ఆయనకు స్పూనుతో జావ పడుతోందట. నాకు తెలియదు, నేను అడగలేదు. ఆయన చేతులు ఛాతీ మీద చేరుస్తూ నాతో మెల్లగా అంది: "గోళ్ళు నిన్న సాయంత్రమే తీశానయ్యగారూ, శుభ్రంగా ఉన్నాయి." ఆ ముసలామె నన్ను ఒక్క మాట అనలేదు. "సభలకు జనం బాగా వచ్చారా అయ్యగారూ?" అని అడిగింది, అంతే. ఎత్తిపొడుపు కాదు, నిజంగానే అడిగింది. ఆ రాత్రి చివరి సభలో నేనేం మాట్లాడానో నాకు గుర్తు లేదు.

కాబట్టి కుర్చీలు వెయ్యి. వేసేటప్పుడు పోయిన వారం ఆ కుర్చీలో కూర్చుని ఈ వారం రానిదెవరో చూడు. సోమవారం ఫోన్ చెయ్యి. పెన్షన్ ఆగిన ముసలాళ్ళకు ఫారం నింపిపెట్టు, ఆ పని నీకు నాకంటే బాగా వచ్చు. సౌండ్ పక్కింటి పరీక్షల పిల్లాడికి ఇబ్బంది కాకుండా పెట్టడం కూడా పరిచర్యే, మీ పాస్టరుగారు ఒప్పుకోకపోయినా. రెండేళ్ళు ఇవన్నీ చేశాక కూడా పూర్తికాల సేవ అనే మాట నిన్ను వదలకపోతే అప్పుడు మళ్ళీ రాయి.

ప్రశ్న: మా మామగారు ఆపరేషనై ఆస్పత్రిలో ఉంటే సంఘం నుంచి 14 మంది వచ్చారు. గంటసేపు పాటలు, ప్రార్థన. నర్సు వచ్చి కోప్పడింది. వాళ్ళను పొమ్మనలేకపోయాను. నాది అవిశ్వాసమా?
- ఒక సోదరి, విజయవాడ

జవాబు: కాదమ్మా, నర్సు చేసింది మంచి పని. నేనైతే ఇద్దరికి మించి తీసుకెళ్ళేవాణ్ణి కాదు. రోగి మంచం మీద కూర్చోకూడదు, కుట్లు కదులుతాయి. ఏం జబ్బని ఆరా తీయకూడదు. ఇదే జబ్బుతో పోయిన బాబాయి కథ అసలే ఎత్తకూడదు (ప్రతి సంఘంలోనూ ఒకాయన ఉంటాడు, ఆయన్ని ఇంటి దగ్గరే వదిలి వెళ్ళాలి). "ప్రార్థన చేయమంటారా?" అని అడిగి, ఒప్పుకుంటే 121వ కీర్తన లాంటి చిన్నది చదివి, రెండు నిమిషాల్లో ముగించాలి. మందులు మానమని ఎవరు చెప్పినా వినకండి, నేను చెప్పినా సరే. మంచం మీద ఉన్న మనిషిని ఫోటో తీసి వాట్సాప్‌లో పెట్టడం నాకు అసలు నచ్చదు. ఈసారి వస్తే, "రాత్రి కాపలాకు ఒకరు ఉండగలరా?" అని అడిగి చూడండి. అప్పుడు మీకూ కాస్త నిద్ర దొరుకుతుంది.

ప్రశ్న: మా పాప డిగ్రీ అయ్యాక బైబిలు కాలేజీలో చేరతానంటోంది. ఆడపిల్లకు పరిచర్యేమిటని మావాళ్ళంతా నవ్వుతున్నారు.
- ఒక తండ్రి, నంద్యాల

జవాబు: మీ ఊళ్ళోనే ఉండి ఇది నన్నడుగుతున్నారా సార్? సీఎస్‌ఐలో (చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా) మొదటి మహిళా బిషప్పు పుష్పలలితగారు 2013లో బాధ్యత తీసుకున్నది మీ నంద్యాల డయోసిస్‌కే. రోమా పత్రిక 16వ అధ్యాయం మొదటి వచనంలో ఫీబే అనే స్త్రీని పౌలు సంఘ పరిచారకురాలనే పిలిచాడు. నవ్వేవాళ్ళకు అది చదివి వినిపించండి. ఒక్కటి మాత్రం చేయండి. ఫీజు కట్టే ముందు ఎండాకాలం సెలవుల్లో పాపను ఒక నెల పల్లె సంఘంలో ఉంచండి, స్టేజీ దగ్గర కాదు, ఆ సంఘం పాస్టరమ్మగారి వెంట. ఇళ్ళకు తిరగనివ్వండి. నెల తర్వాత కాళ్ళు నొప్పులంటూనే మళ్ళీ వెళ్తానంటే అప్లికేషన్ పెట్టించండి.