వడ్రంగం రాకుండా సొంతంగా చిన్న తెరచాప పడవ కట్టుకోవచ్చా?

కట్టుకోవచ్చు. నాకు మేకు తిన్నగా దిగ్గొట్టడం కూడా రాదు, అయినా ఎనిమిది అడుగుల పడవ కట్టాను. కావాల్సింది ఓపిక. అది నాకు లేదని పడవ మొదలుపెట్టాకే తెలిసింది.

ప్లైవుడ్ ముక్కల అంచులకు బెజ్జాలు వేసి, రాగి తీగతో బట్ట కుట్టినట్టు కుట్టి, అతుకుల లోపల ఎపాక్సీ (రెండు ద్రవాలు కలిపితే గట్టిపడే జిగురు) ముద్ద పూసి, పైన ఫైబర్‌గ్లాస్ టేపు అంటించే పద్ధతి పట్టుకోండి. 1960ల్లో వచ్చిన దాదాపు పదకొండు అడుగుల మిర్రర్ డింగీ అనే చిన్న తెరచాప పడవ ఇలాంటిదే. కిట్ తెచ్చుకుని ఇంట్లోనే కట్టుకున్నవాళ్లు వేలల్లో ఉన్నారు. ‘మెరైన్ ప్లై’ (నీళ్లకు తట్టుకునే ప్లైవుడ్) అన్న ముద్ర చూసి మాత్రం మోసపోకండి. చిన్న ముక్క మరిగే నీళ్లలో వేసి చూడండి. పొరలు విడిపోతే తిరిగి ఇచ్చేయండి.

ఇక నా ఘనకార్యం. కుట్టు పూర్తయ్యాక ఆత్రం ఆగక గ్లాసు నిండా ఎపాక్సీ ఒకేసారి కలిపాను. పలచగా పరిస్తే అది నెమ్మదిగా గట్టిపడుతుంది, కుప్పగా ఉంటే తన వేడికి తనే ఉడుకుతుంది. కాసేపటికే గ్లాసు పట్టుకోలేనంత కాలి, పొగ మొదలైంది. టెన్షన్‌లో బయట పడేసి, మళ్లీ కలిపి, చీకటి పడేలోగా అతుకులన్నీ పూసేశాను. అసలైతే ఎపాక్సీ పూయకముందే పడవ ముందు భాగంలో ఒకటి, వెనక భాగంలో ఒకటి తిన్నని బద్దలు అడ్డంగా పెట్టి, ఒక కన్ను మూసి చూడాలి. రెండూ ఒకే వాలులో కనిపిస్తేనే పడవలో మెలి లేనట్టు. తీగలు మాత్రమే ఉన్నప్పుడు మెలి తీయడం ఐదు నిమిషాల పని. నేను మర్నాడు పొద్దున చూశాను. అప్పటికి పడవ రాయైపోయింది. ఇప్పటికీ గాలి కుడి నుంచి వీస్తే బుద్ధిగా పోతుంది, ఎడమ నుంచి వీస్తే అలుగుతుంది.

వీడియోలవాళ్ల మీద నాకు కోపం. వాళ్లు సంగీతం పెట్టి రెండు నిమిషాల్లో చూపించే శాండ్‌పేపర్ రుద్దుడు నాకు మూడు వారాలు పట్టింది. గట్టిపడ్డ ఎపాక్సీ మీద జిడ్డు పొర తేలుతుందని, దాన్ని ముందు నీళ్లతో కడగాలని ఒక్కడూ చెప్పలేదు. కడగకుండా రుద్దితే కాగితం నిమిషంలో పూడుకుపోతుంది. మాస్కు, గ్లవ్స్ లేకుండా అసలు ముట్టుకోకండి.

తెరచాప కొనేయండి. కుట్టుమిషన్ ఉంది కదా అని నేనూ కూర్చున్నాను. నేను కుట్టిన తెరచాప ఇప్పుడు పడవ మీద కప్పే దుప్పటి.