లండన్ జనాభా లెక్క ఎందుకు కుదరడం లేదంటే

మీ లెక్కలో వలస లేదు, తేడా అక్కడే. 1600లో సుమారు 2 లక్షలున్న లండన్, పుట్టుకల కంటే చావులే ఎక్కువైనా 1700కి 5 లక్షలు ఎలా దాటిందని అడిగారు కదా. ఆ వలస ఎంతో ఇలా లెక్కించండి.

1. పెరిగిన జనాభాకి, పుట్టుకలను మించిన చావులను కూడా కలపండి. చాలామంది వదిలేసేది ఇదే. జనాభా తగ్గకుండా ఉండాలన్నా ముందు ఆ లోటు పూడాలి. 1665లో ప్లేగు కింద నమోదైన చావులే 68,596! ఆ ఖాళీని కొన్నేళ్లలోనే నింపింది ఎక్కువ కూలి కోసం పల్లెలు వదిలొచ్చిన కుర్రాళ్లు, ఇళ్లలో పనికి కుదిరిన అమ్మాయిలు.

2. పుట్టుకలకు అధికార చర్చి (చర్చ్ ఆఫ్ ఇంగ్లండ్) బాప్తిస్మాల పట్టిక వాడితే, ఆ చర్చిలో చేరనివాళ్ల పిల్లలు అందులో చాలావరకు ఉండరు. లోటు కాస్త తగ్గించుకోండి.

3. వచ్చిన సంఖ్య నికర వలస, అంటే వచ్చినవాళ్లలోంచి వెళ్లినవాళ్లను తీసేయగా మిగిలింది. తిరిగి వెళ్లిపోయినవాళ్లు ఇందులో కనబడరు.