సమాధానం: ‘ఎ గర్ల్ వాక్స్ హోమ్ అలోన్ ఎట్ నైట్’ రివ్యూ ఎక్కడ మొదలుపెట్టాలి?

ఈ సినిమాని హారర్ అనాలా, వెస్టర్న్ (కౌబాయ్ తరహా సినిమా) అనాలా, ప్రేమకథ అనాలా తేలక రివ్యూ మొదటి పేరాలోనే ఆగిపోయానన్నారు. ఆ ప్రశ్న పక్కన పెట్టేయండి. ఒక్క సీన్ పట్టుకుని మొదలుపెట్టండి.

నేనైతే రక్తం తాగే వ్యాంపైర్ అయిన హీరోయిన్ గదిలో జరిగే సీన్ తీసుకుంటాను. రికార్డు ప్లేయర్‌లో పాట నడుస్తుంటుంది. డ్రాక్యులా వేషంలో ఉన్న హీరో ఆరాష్ మెల్లగా, చాలా మెల్లగా ఆమె దగ్గరికి వస్తాడు. అతని మెడ ఆమె ముందే ఉంటుంది. కొరుకుతుందేమో అని మనకు టెన్షన్. ఆమె మాత్రం అతని ఛాతీ మీద తల ఆనిస్తుంది. భయం, ప్రేమ రెండూ ఒకే షాట్‌లో ఉన్నాయి కదా! ఆ షాట్ మీకు ఏమనిపించిందో రాస్తే, జానర్ల కలయిక గురించి విడిగా చెప్పక్కర్లేదు.

తర్వాత వాతావరణం గురించి రాయండి. దర్శకురాలు అనా లిలీ అమీర్‌పూర్ 2014లో తీసుకొచ్చిన ఈ బ్లాక్ అండ్ వైట్ సినిమాలో మాటలన్నీ పర్షియన్‌లోనే. షూటింగ్ మాత్రం కాలిఫోర్నియాలో. అందుకే కథ జరిగే ‘బ్యాడ్ సిటీ’ ఇరాన్‌లా, అమెరికన్ వెస్టర్న్‌లోని ఊరిలా ఒకేసారి కనిపిస్తుంది. గాలికి రెక్కల్లా విచ్చుకునే హీరోయిన్ చాదర్ (ఇరాన్ స్త్రీలు ఒళ్లంతా కప్పుకునే వస్త్రం), కాళ్ల కింద స్కేట్‌బోర్డ్... వీటిని తప్పకుండా ప్రస్తావించండి.

కథ రెండు వాక్యాలు చాలు. నడక నెమ్మది అనిపిస్తే దాచకండి, ఎక్కడ విసుగొచ్చిందో చెప్పండి. కానీ ముగింపులో కారు ఆగే చోటు మాత్రం దయచేసి బయటపెట్టొద్దు.